పుట్టెంటికల కేసు

నా తర్వాత ఆ కుర్చీలోకి వచ్చిన అమ్మాయి మొన్న ఫోన్ చేసింది. "మేడం, తల్లి ఒకటి చెప్తాంది, తండ్రి ఒకటి చెప్తాండు, పిలగాడు ఇంకోటి చెప్తాండు. ఎవల్ని నమ్మాలె?" అని అడిగింది. "ఎవ్వల్నీ నమ్మకు. ముందుగాల అన్నం తిన్నవా?" అన్నాను. ఆమె నవ్వింది. నేను నవ్వించడానికి అనలేదు.

కుటుంబ న్యాయస్థానంలో కౌన్సెలర్‌గా నల్లగొండలో కొన్నేళ్లు, పాలమూరులో మిగిలిన సర్వీసు చేసి రిటైరయ్యాను. విడిపోయిన మొగుడూ పెండ్లాలలో బిడ్డ ఎవరి దగ్గర ఉండాలన్న కేసులే నా బల్ల మీదికి ఎక్కువ వచ్చేవి. తేల్చేది జడ్జి గారు. అంతకు ముందు ఆ మనుషులతో కూర్చునేది, వాళ్ల ఇళ్లకు పోయి చూసేది, బిడ్డతో మాట్లాడేది మేము. మా ఆయన నన్ను "అనుమానాల పెట్టె" అంటాడు. ఆ పెట్టె లేకుండా ఈ ఉద్యోగం ఒక్క రోజు కూడా చేయలేరు. కొత్తగా వచ్చేవాళ్ల కోసం కొన్ని సంగతులు, ముఖ్యంగా ఒక కేసు గురించి రాస్తున్నాను. మనుషుల పేర్లు మార్చాను.

అనుమానం ఎందుకు

కోర్టు వరండాలో అందరూ మంచి తల్లులే, అందరూ మంచి తండ్రులే. ఒకాయన బిడ్డను చూడటానికి వచ్చినప్పుడల్లా పోయినసారి కన్నా పెద్ద బొమ్మ తెచ్చేవాడు. "మీ బిడ్డ ఏ క్లాసు?" అని అడిగితే "మూడో, నాలుగో ఉంటది మేడం" అన్నాడు. ఒక తల్లి పొద్దంతా పిల్లవాడి ముక్కు తుడవలేదు. జడ్జి గారి కారు గేట్లోకి రాగానే కొంగు తీసి మొహమంతా తోమింది. వాడు కెవ్వుమన్నాడు పాపం.

ఇంకో ఆరేళ్ల పాప నా ఎదుట నిలబడి, పద్యం అప్పజెప్పినట్టు, "నాకు తండ్రి గారి వద్ద మానసిక ప్రశాంతత లభించదు" అంది.

"మానసిక ప్రశాంతత అంటే ఏంది బిడ్డా?" అని అడిగాను.

"తెల్వది. గట్ల చెప్పుమన్నది అమ్మమ్మ."

అమ్మమ్మ కిటికీ అవతల నిలబడి ఉంది. దొంగకు తేలు కుట్టినట్టు అటు తిరిగి కొంగు సర్దుకుంది. ఆ పాప నిజంగానే తండ్రి దగ్గర సుఖంగా లేదని తర్వాత తెలిసింది. అదే ఈ ఉద్యోగంలో చిక్కు. నేర్పిన మాట ప్రతిసారీ అబద్ధం కాదు. నేర్పని మాట ప్రతిసారీ నిజమూ కాదు.

నా మొదటి జడ్జి గారు మంచివారే గాని తొందర మనిషి. ఒక పిల్లవాణ్ని తన గదిలోకి పిలిచి, "అమ్మ కావాల్నా, నాయిన కావాల్నా, చెప్పు" అని సూటిగా అడిగారు. వాడు అటూ ఇటూ చూసి భళ్లున వాంతి చేసుకున్నాడు. ఆ రోజు నుంచి ఆయన ఆ ప్రశ్న వేయలేదు, నేనూ వేయలేదు. పొద్దున ఎవరు లేపుతారు, జ్వరమొస్తే పక్కన ఎవరు పడుకుంటారు, కూరలో కారం ఎక్కువైతే ఎవరితో చెప్తావు, ఇట్లాంటివి అడగాలి. పిల్లలు వీటికి జవాబు తయారు చేసుకొని రారు. వాళ్లను తయారు చేసే పెద్దలకు ఇవి తోచవు.

కోర్టు చూసేదేమిటి

కోర్టు చూసేది తల్లి హక్కూ కాదు, తండ్రి హక్కూ కాదు. బిడ్డకు ఏది బాగు అన్నదే. అయిదేళ్లు నిండని బిడ్డ మామూలుగా తల్లి దగ్గర ఉండాలని చట్టం చెప్తుంది. ఆ "మామూలుగా" అన్న మాటను ఊళ్లలో ఎవరూ వినరు. అయిదు నిండగానే మగపిల్లవాడు తనంతట తానే తండ్రి చేతికి వచ్చేస్తాడని మన దిక్కు గట్టి నమ్మకం. అట్లా ఏమీ లేదు. అయిదైనా, పదైనా, బిడ్డ తిండి, చదువు, ఆరోగ్యం, అలవాటైన ఇల్లు, చూసుకునే మనిషి, ఇవే చూస్తారు. కాస్త ఊహ వచ్చిన బిడ్డ అయితే వాడి ఇష్టం కూడా వింటారు. విన్నంత మాత్రాన అట్లాగే చేయాలని లేదు. ఈరోజు ఇచ్చిన ఆర్డరు రేపు పరిస్థితి మారితే మారుతుంది. బిడ్డను అసలే చూడనివ్వకుండా మాత్రం కోర్టు చాలా పెద్ద కారణం ఉంటే తప్ప చేయదు.

ఇవన్నీ పుస్తకంలో ఉన్నవే. పుస్తకంలో లేని కేసు ఇప్పుడు చెప్తాను.

జడల పిలగాడు

శివ మొదటిసారి నా గదిలోకి వచ్చినప్పుడు ఆడపిల్ల అనుకున్నాను. నిక్కరు, బడి చొక్కా, నెత్తికి ఎర్ర రిబ్బన్లతో రెండు జడలు. అయిదేళ్లు అప్పుడే నిండాయి. పుట్టువెంట్రుకలు ఇంకా తీయలేదు. మన దిక్కు మొక్కు ఉంటే అట్లా ఉంచుతారు కాబట్టి నేనేమీ ఆశ్చర్యపోలేదు. దగ్గరికి పిలిస్తే మాత్రం జడల నుంచి ముక్కిపోయిన వాసన వచ్చింది.

తండ్రి యాదయ్యది దేవరకొండ అవతల, మర్రిగూడ దిక్కు ఊరు. గొర్రెలు కాసే కుటుంబం. ఎండాకాలం మేత దొరకక మందను తోలుకొని కృష్ణ ఒడ్డుకు పోతే మళ్లీ వానలకే ఇంటికి రావడం. తల్లి పద్మది నారాయణపేట. వీళ్లూ గొర్రెలవాళ్లే గాని, మంద అమ్ముకొని పట్నంలో స్థిరపడ్డారు. మొగుడు నెలల తరబడి ఇంట్లో ఉండడని, అత్తతో పడదని గొడవలు. ఒక పెండ్లిలో పదిమంది ముందర యాదయ్య ఆమె మీద చేయి చేసుకున్నాడు. ఆ పెండ్లిలోనే ఉన్న ఆమె అన్న అంజయ్య, చెల్లెల్నీ పిల్లవాణ్నీ అప్పటికప్పుడు ఆటో ఎక్కించుకొని నారాయణపేట తీసుకుపోయాడు. అప్పటి నుంచి ఆమె అన్న ఇంట్లోనే ఉంటూ, చీరలు నేసే వాళ్ల దగ్గర కండెలు చుట్టే పనికి పోతోంది.

"కొట్టినవా?" అని యాదయ్యను అడిగాను.

"కొట్టిన మేడం. తప్పే."

కాదనకపోవడం నాకు నచ్చింది. వెంటనే అనుమానమూ వచ్చింది. ఎందుకంటే, ఒక చిన్న తప్పు ఒప్పుకొని పెద్ద తప్పు దాచేవాళ్లను చాలామందిని చూశాను. పైగా ఈయన బిడ్డ తనకే కావాలని అర్జీ పెట్టింది వాడికి అయిదు నిండిన వెంటనే. అంతకు ముందు ఒక్క కాయితం లేదు.

అంజయ్య అయితే ప్రతి వాయిదాకూ చెల్లెలి ముందు నడిచి వచ్చేవాడు. నేను పద్మను ప్రశ్న అడిగితే జవాబు ఆయన నోట్లోంచి వచ్చేది. యాదయ్య పేరు ఎత్తేవాడు కాదు, "గా మనిషి" అనేవాడు.

"గా మనిషికి పోరడు కాదు మేడం కావాల్సింది, పోరని నెత్తి కావాలె. పుట్టెంటికలు తీపిచ్చుకుంటే ఆళ్ల మల్లన్న మొక్కు తీరుతది. మేనమామను నేను లేంది ఎట్ల తీస్తరు? వచ్చి పిలువుమను. నలుగురు పెద్దమనుషులను తోలుకొని, బొట్టు వెట్టి, బట్టలు వెట్టి పిలువుమను. అప్పుడు సూస్త."

సంగతి నాకు అప్పుడు అర్థమైంది. మేనమామ ఒడిలో కూర్చోబెట్టుకోవాలి, మొదటి కత్తెర మేనమామ వేయాలి. వెంట్రుకలు ఇచ్చేది మాత్రం తండ్రివైపు దేవుడికి. ఒడి ఒకరిది, దేవుడు ఒకరిది. వాళ్లు పిలవరు, వీళ్లు పోరు. అత్త మీది కోపం దుత్త మీద తీసినట్టు, అందరి పంతం ఆ పిల్లవాడి నెత్తి మీదికి వచ్చింది. "జుట్టు మీ చేతిలో పెట్టుకున్నరన్నమాట" అన్నాను. అంజయ్యకు నా ఎగతాళి అర్థమయింది గాని నవ్వలేదు.

జడ్జి గారు కేసు తేలేదాకా పిల్లవాడు తల్లి దగ్గరే ఉండాలని, నెలలో రెండు శనివారాలు తండ్రి పాలమూరు వచ్చి పొద్దటి నుంచి సాయంత్రం దాకా వెంట తిప్పుకోవచ్చని ఆర్డరు ఇచ్చారు. అప్పగింతలు నా గదిలోనే.

మర్రిగూడ దిక్కు ఇల్లు

యాదయ్య అర్జీకి జవాబుగా పద్మ వేసిన కౌంటరులో ఒక మాట ఉంది. ఆ ఊరి నీళ్లు తాగితే పిల్లవాడి పళ్లు, ఎముకలు పాడైతాయని. ఆ దిక్కు భూమిలో ఫ్లోరైడు సంగతి అందరికీ తెలిసిందే. అయినా నేను పోయి చూడాలనుకున్నాను. లాయర్లు రాసిన నిజాలను రెండుసార్లు చూడటం నా అలవాటు.

యాదయ్య తల్లి గుమ్మంలో కూర్చొని కందులు చెరుగుతోంది. నడుము వంగిపోయి ఉంది, మెడ తిప్పాలంటే మనిషే తిరగాలి. పళ్లన్నీ గోధుమరంగు గార. నన్ను చూసి లేవబోయి లేవలేక, "కూసో బిడ్డా, నన్ను లేపకు" అంది.

"అవ్వా, నీ కోడలు నీళ్లు మంచియి కావంటాంది."

"మా కోడలు అబద్ధమాడలే. గీ బోరింగు నీళ్లే నన్ను వంచినయి. కని ఇప్పుడు నల్లా వచ్చింది గద. అగో, సూడు." వంటింట్లో నల్లా తిప్పి చూశాను. నీళ్లు వచ్చాయి. కుండ మూత తీసి చూశాను. పక్కింటికి పోయి, ఈ నల్లా రోజూ వస్తుందా, నేను వస్తున్నానని ఈ పూట వచ్చిందా అని కూడా అడిగాను. రోజు విడిచి రోజు వస్తుందన్నారు.

"మనుమడు నీకెందుకు అవ్వా? కొడుకేమో మంద ఎంట పోతడు. నువ్వు వాణ్ని ఎత్తుకోలేవు."

ముసలమ్మ చేట పక్కన పెట్టింది. "పుట్టినప్పుడు నీలం తిరిగిండు బిడ్డా. దవాఖానల డాక్టరమ్మ ఆశ లేదన్నది. మల్లన్నా, నువ్వు బత్కిస్తే అయిదో ఏడు ఈని పుట్టెంటికలు నీకే అని మొక్కిన. ఇగ అయిదు దాటుతాంది. దేవునికి ఏం జెప్పాలె?"

"అంజయ్యను పిలువరాదు మరి?"

"పెండ్లిల అందరి ముందర ఆళ్ల ఆడబిడ్డను ఆటో ఎక్కిచ్చి తీస్కపోయినోన్ని నేను పిలువాల్నా? మేనమామ అన్నంక ఆయనకే ఉండాలె."

బస్సులో తిరిగి వస్తూ లెక్క కట్టుకున్నాను. నీళ్ల సంగతి పాత నిజం, ఇప్పటి అబద్ధం. ముసలమ్మ ప్రేమ నిజమే, పంతమూ నిజమే. పిల్లవాడు ఒక్కసారి వీళ్ల గడప దాటి లోపలికి వస్తే గుండు కొట్టించి, మొక్కు తీర్చి, మళ్లీ పంపరేమోనన్న అనుమానం మాత్రం బలపడింది. నివేదికలో అదే రాయబోయాను.

టోపీ

అప్పగించే ముందు పిల్లల సంచులు వెతకడం నా పద్ధతి. ఒకసారి ఒక పాప సంచిలో, తండ్రి మాటలన్నీ రికార్డయ్యేట్టు ఫోన్ పెట్టి పంపింది ఒక మహాతల్లి. అప్పటి నుంచి టిఫిన్ డబ్బా మూత కూడా తీసి చూస్తాను.

ఆ శనివారం పద్మ పిల్లవాణ్ని దింపింది. అంజయ్య వరండాలో నిలబడ్డాడు. సంచిలో సర్వపిండి, నీళ్ల సీసా, పాత నూలు తువ్వాల, చిన్న సీసాలో వేపనూనె, ఒక కొత్త టోపీ ఉన్నాయి. ఎండకని పంపి ఉంటుంది, కాని ఈ జడల మీదికి ఇది ఎట్లా పడుతుంది, బుద్ధి లేదు ఈమెకు అనుకున్నాను. సంచి మూసేశాను.

సాయంత్రం యాదయ్య పిల్లవాణ్ని తీసుకొచ్చాడు. నెత్తి మీద టోపీ ఉంది. జడలు లేవు.

అంజయ్య ఒక్క ఊపున టోపీ లాగేశాడు. నున్నటి గుండు. గుండు నిండా పుండ్లు. కొన్ని ఎండినవి, కొన్ని చీము పట్టినవి, చెవి వెనక ఒకటి రూపాయి బిళ్లంత. నేను గత కొన్ని నెలలుగా ఆ పిల్లవాణ్ని చూస్తున్నాను. ఆ జడల కింద ఇది ఉందని నాకు తెలియదు. వాసన వచ్చిందని తెలుసు. వాసన వస్తే విప్పి చూడాలని తోచలేదు.

అంజయ్యకు మాత్రం పుండ్లు కనబడలేదు. గుండే కనబడింది.

"మేనమామ బతికుండంగ నా అల్లునికి గుండు కొట్టిచ్చినవారా! ఎవని ఒళ్లె కూసుండవెట్టినవ్?"

"నా ఒళ్లెనే" అన్నాడు యాదయ్య. "గీడనే, బస్టాండు కాడి దుకాణంల."

"మల్లన్న కాడ గూడ కాదా?"

యాదయ్య తల వంచుకున్నాడు. అంటే వాళ్ల దేవుడి మొక్కు కూడా చెల్లకుండా పోయింది. ఆ ముసలమ్మ వింటే ఏమవుతుందో అనుకున్నాను. పద్మ గోడకు ఆనుకొని, నోట్లో కొంగు కుక్కుకొని ఏడ్చింది. శివ ఒక్కడే నిమ్మళంగా ఉన్నాడు. నెత్తి మీద గాలి తగులుతుంటే అరచేత్తో నిమురుకుంటూ, "సల్లగున్నది" అన్నాడు.

నేను యాదయ్య మీద లేచాను. కోర్టు నమ్మి బిడ్డను అప్పగిస్తే ఇట్లాంటి పని చేస్తావా అని కడిగేశాను. ఆయన ఒక్కటే మాట అన్నాడు, "నేనే తీపిచ్చిన మేడం."

వారం తిరక్కముందే పద్మ సంతకంతో అర్జీ వచ్చింది. తండ్రి కోర్టు నమ్మకాన్ని దుర్వినియోగం చేశాడు కనుక ఇక మీదట పిల్లవాణ్ని చూడనివ్వవద్దని. అటు యాదయ్య లాయరు పుండ్ల ఫోటోలు దాఖలు చేశాడు, తల్లి నిర్లక్ష్యానికి సాక్ష్యమని. ఇదిగో దొరికాడు అనుకున్నాను. గుండు కొట్టించింది బిడ్డ మీద ప్రేమతో కాదు, ఫోటోల కోసం. నివేదిక మొదటి ముక్క అట్లాగే రాసుకున్నాను.

ఆదివారం ఇంట్లో బియ్యం ఏరుతుంటే ఆ టోపీ గుర్తొచ్చింది. చేట కింద పెట్టేశాను. జడలున్న నెత్తికి పట్టని టోపీని, గుండుకు సరిగ్గా సరిపోయే టోపీని, పొద్దున్నే తల్లి ఎందుకు సర్ది పంపింది? వేపనూనె ఎందుకు? మెత్తటి పాత తువ్వాల ఎందుకు? మర్నాడు కోర్టులో ఫోటోలు మళ్లీ తెప్పించి చూశాను. ఒక ఫోటోలో జడలు ఇంకా ఉన్నాయి. ఎవరిదో చేయి వెంట్రుకలు పాయ తీసి పుండు చూపిస్తోంది. చేతికి గాజులున్నాయి.

పద్మను సంతకం కావాలని పిలిపించాను. అన్న వెంటే వచ్చాడు. ఆయన్ను జిరాక్సు తెమ్మని బజారుకు పంపి తలుపు వేశాను.

"టోపీ ఎవలు కొన్నరు పద్మా?"

ఆమె మూసిన తలుపు వైపు ఒకసారి చూసుకుంది.

"నేనే మేడం. నేను కండెలు చుట్టే సావుకారి బిడ్డ ఫోన్లకెళ్లి ఫోటోలు వంపిన. పోరడు రాత్రిళ్లు నెత్తి పీక్కుంట ఏడుస్తుండె. అన్నతోని అంటే, గా మనిషి వచ్చి పిలిచేదాంక కత్తెర పెట్టనియ్య అన్నడు. మా ఇంట్ల ఎవలూ ముట్టరు. అందుకే ఆయనకు చెప్పిన, శనివారం నువ్వే తీపియ్యి అని. ఆయన, మా అవ్వ మొక్కు పోతది గదనే అన్నడు. పుండు సూసినంక మారు మాట్లాడలే."

"మరి సంతకం పెట్టి ఆ మనిషికే బిడ్డను దూరం చేస్తవా?" నాకు నిజంగా కోపం వచ్చింది.

"అన్న పెట్టుమన్నడు. నిజం తెలిస్తే నన్నూ పోరన్నీ బయటికి ఎల్లగొడ్తడు. పోరని నాయినకు ఫోన్ చేసి ఏడ్సిన. పెట్టు, నీకు నీడ పోవద్దు, కొన్ని దినాలు సూడకుంటే సచ్చిపోను అన్నడు."

నా సర్వీసంతా తల్లిని అనుమానించాను, తండ్రిని అనుమానించాను, అమ్మమ్మలను, నాయనమ్మలను, లాయర్లను అనుమానించాను. మొగుడూ పెండ్లాలు ఇద్దరూ కలిసి ఒక మంచి పని దొంగచాటుగా చేసి, కోర్టు ముందు శత్రువుల్లా నటిస్తారన్న అనుమానం మాత్రం నాకెప్పుడూ రాలేదు.

లాయరు పెట్టిన ఫోటోల సంగతి కూడా తర్వాత అడిగాను. యాదయ్య ఫోన్ చూసి లాయరే తీసుకొని పెట్టాడట. వద్దంటే "కేసు గెలవాలా వద్దా" అన్నాడట. దీన్ని ఎంతవరకు నమ్మాలో నాకు ఇప్పటికీ తెలియదు.

జడ్జి గారి గది

కౌన్సెలింగ్ గదిలో చెప్పింది బయట సాక్ష్యంగా పనికిరాదు. ఆ నమ్మకం పోతే రేపు ఎవరూ మాతో నోరు విప్పరు. కాబట్టి పద్మ చెప్పింది నేను జడ్జి గారికి చెప్పలేను. చెప్పకపోతే పిల్లవాడికి తండ్రి పోతాడు. చెప్తే తల్లికీ పిల్లవాడికీ ఇల్లు పోతుంది. నేను చేయగలిగింది ఒక్కటే చేశాను. "అర్జీ తేల్చే ముందు ఇద్దర్నీ ఒక్కసారి మీ గదిలోకి పిలవండి సార్. లాయర్లు వద్దు, చుట్టాలు వద్దు" అన్నాను.

ఈ జడ్జి గారు నాకన్నా పెద్ద అనుమానాల పెట్టె. కళ్లద్దాల మీది నుంచి నన్ను చూసి, "ఏదో తెలుసు మీకు" అన్నారు. నేను ఫ్యాను వైపు చూశాను.

ఇద్దరూ వచ్చి నిలబడ్డారు, మధ్యన ఒక మనిషి పట్టేంత జాగా వదిలి. నేను మూలన కూర్చున్నాను.

"గుండు కొట్టించమని ఎవరు చెప్పారు?" అన్నారు జడ్జి గారు.

"ఎవ్వలు చెప్పలే సార్. నా బుద్ధే" అన్నాడు యాదయ్య.

"కోర్టు అనుమతి లేకుండా, మేనమామ లేకుండా, మీ దేవుడి దగ్గర కూడా కాకుండా?"

"అవును సార్."

"అయితే ఈ అర్జీ ఒప్పుకోవాల్సి వస్తుంది. నేను మళ్లీ చెప్పేదాకా నువ్వు పిల్లవాణ్ని చూడటానికి వీల్లేదు. ఏమన్నా చెప్పుకునేది ఉందా?"

యాదయ్య కింది పెదవి పంటితో నొక్కిపట్టాడు. "పుండ్లు మానినయా అని ఎవలన్న ఫోన్ల చెప్తే చాలు సార్" అన్నాడు. చేతులు జోడించి తలుపు వైపు తిరిగాడు.

పద్మ నా వైపు చూసింది. నేను కళ్లు దించుకున్నాను. చెప్పు తల్లీ, నేను చెప్పలేను, నువ్వు చెప్పు అని లోపల మొత్తుకుంటున్నాను.

"ఆగు" అంది పద్మ. మొగుడితోనే అంది, జడ్జి గారితో కాదు. తర్వాత ఇటు తిరిగింది. "నేనే చెప్పిన సార్ తీపియ్యిమని. టోపీ నేనే కొన్న. కాయితం మీద సంతకం అబద్ధం. ఏం శిక్ష ఏస్తరో నాకెయ్యిన్రి. ఆయన్ని మాత్రం పోరన్ని సూడనియ్యిన్రి."

"లేదు సార్, ఆమె ఊకెనే..." అని యాదయ్య మొదలుపెట్టాడు.

"నువ్వు ఊకో!" అని గద్దించింది.

జడ్జి గారు కళ్లద్దాలు తీసి తుడుచుకున్నారు. "ఇంత ఒప్పందంగా ఉన్నవాళ్లు కలిసి ఉండొచ్చు కదా?" అన్నారు. జడ్జిలందరూ ఎప్పుడో ఒకప్పుడు ఈ మాట అంటారు. వాళ్ల తప్పు కాదు.

"ఉండలేం సార్" అంది పద్మ. "పోరని కాడికొస్తే ఒక్కటే. మిగిలిందాంట్ల ఒక్కటి గాదు." యాదయ్య తలూపాడు. అది నేను నమ్మాను.

అబద్ధపు ప్రమాణం మీద ఆమెకు గట్టిగా చీవాట్లు పడ్డాయి. అర్జీ వెనక్కి తీసుకుంది. కొన్ని వాయిదాల తర్వాత ఆర్డరు వచ్చింది. పిల్లవాడు తల్లి దగ్గరే ఉంటాడు, బడి నారాయణపేటలోనే. తండ్రికి శనివారాలు అట్లాగే ఉంటాయి. బడి సెలవుల్లో సగం రోజులు తండ్రి ఊళ్లో, అది కూడా మంద వెంట తిప్పకుండా ఇంట్లో ఉంచుకుంటేనే. వైద్యం, చదువు ఇద్దరూ కలిసి నిర్ణయించాలి, ఇంకెవరి అనుమతీ అక్కర్లేదు. ఆ చివరి ముక్క జడ్జి గారు తన చేత్తో చేర్చారు.

ఆ రోజు జడ్జి గారి గదిలో నుంచి బయటికి వచ్చిన పద్మ, నేను ఆపేలోపే నేరుగా అన్న దగ్గరికి పోయింది.

"అన్నా, నేనే తీపియ్యిమన్న."

అంజయ్య నమ్మలేదు. "గా మనిషి నేర్పిండా నీకు గీ మాట?"

"ఎవ్వలు నేర్పలే. నీకు పుండు సూపెడ్తే ఇటు సూడకపోతివి. ఇంకెవలకు సూపెట్టాలె నేను?"

ఆయన ఒక అడుగు ముందుకు వేశాడు. ముప్పై మంది చూస్తున్న వరండాలో చెల్లెలి మీద చేయెత్తుతాడేమోనని నేను మధ్యలోకి పోయాను. ఎత్తలేదు. భుజం మీది తువ్వాల దులుపుకొని, ఎవరి కోసమూ ఆగకుండా మెట్లు దిగి వెళ్లిపోయాడు. పద్మ, శివ వేరే బస్సులో పోయారు.

మరుసటి శనివారం

ఆ శనివారం పిల్లవాడు వస్తాడని నాకు నమ్మకం లేదు. వాళ్లను ఇంట్లోంచి వెళ్లగొట్టి ఉంటాడు, ఈమె భయపడి మాట మార్చి ఉంటుంది, లేదా పిల్లవాడికి జ్వరమని కబురు వస్తుంది. ఇవే నా ఆలోచనలు. యాదయ్య పొద్దున్నే దిగాడు. దేవరకొండ నుంచి కల్వకుర్తి, జడ్చర్ల మీదుగా రెండు బస్సులు మారి వచ్చి, బెంచీ మీద కూర్చొని గేటు వైపే చూస్తున్నాడు.

పిల్లవాడు వచ్చాడు. తీసుకొచ్చింది అంజయ్య.

నేను లేచి నిలబడ్డాను. "పద్మ ఏది?"

"ఆమె నా ఇంట్ల లేదు మేడం. సావుకారోళ్ల ఎనుకింట్ల అర్ర కిరాయికి తీస్కున్నది. నేను పొమ్మనలే. ఆమెనే పోయింది." ఆ మాట చెప్పడం ఆయనకు కష్టంగా ఉంది. "పనికి పోయింది గీయాల్ల. నేను ఉత్తగనే ఉన్న గదా, తోల్కొచ్చిన."

సంచి తీసుకొని వెతికాను. ఒక చిన్న సీసా తగిలింది. దవాఖాన మందు. మూత తీసి వాసన చూశాను. చీటీ మీద పేరు చదివాను. అంజయ్య నన్నే చూస్తున్నాడు.

"సూడు మేడం, మంచిగ సూడు. డాక్టరు కాడికి నేనే తోల్కపోయిన."

శివ చేయి విడిపించుకోబోతే ఆయన వదల్లేదు. అట్లాగే పట్టుకొని, నా చేతిలోంచి సీసా తీసుకొని బెంచీ దాకా పోయాడు. యాదయ్య లేచాడు. ఇద్దరూ కొట్టుకుంటే పోలీసును పిలవాలని నేను తలుపు దగ్గరికి వచ్చి నిలబడ్డాను.

అంజయ్య పిల్లవాణ్ని తిప్పి, చెవి వెనక ఉన్న పెద్ద పుండు కనబడేలా వాడి తలను మెల్లగా వంచాడు. అది ఎండుతోంది.

"బావా" అన్నాడు. "గీడ మందు పొద్దటిపూట ఒకసారి, మాపటికి ఒకసారి రాయాలె. ఏలుతోని గాదు, దూదితోని. నొస్తది వానికి."

యాదయ్య సీసా అందుకున్నాడు. దూది కోసం అటూ ఇటూ చూశాడు.